వెనుదడకు మూడు కార్డులు

ఫిబ్రవరి 4

కొత్త సంపాదకుడు వచ్చి పది రోజులు కాలేదు, అప్పుడే మా నిఘంటువు కార్యాలయాన్ని తలకిందులు చేసేశారు. మాటల వాడుకకి ఆధారాలు రాసిపెట్టిన ప్రతి కార్డునీ భూతద్దం పెట్టి చదువుతారు కాబట్టి మొదటి రోజే ఆయనకి భూతద్దంగారని పేరు పడిపోయింది. పెట్టింది నేనే. అందరూ నవ్వారు. ఇవాళ ఎవరికీ నవ్వు రాలేదు, నాకు అసలే రాలేదు.

రెండో కూర్పు కోసం పాత మాటలన్నిటినీ మళ్ళీ తనిఖీ చేయాలి, అది తెలిసిందే. 'అ'తో మొదలుపెట్టి 'హ' దాకా వెళతామనుకున్నాం. నేను వేళ్ళ మీద లెక్క కూడా వేసుకున్నాను. 'వ' దగ్గరికి వచ్చేసరికి మూడేళ్ళు పడుతుంది, నా ఉద్యోగం ఇంకా రెండేళ్ళే ఉంది. ఆ లెక్క ఎందుకు వేసుకున్నానో ఇక్కడ రాయను.

సమావేశంలో ఈయన కుర్చీ వెనక్కి జరుపుకుని, "అక్షరక్రమం చదివేవాళ్ళ వీలు కోసమండీ. మనిషి బుర్రలో మాటలు అలా వరసలో నిలబడవు. చుట్టాల్లాగా గుంపులు గుంపులుగా కూర్చుంటాయి. పక్కనున్న మాటేంటో చూడకుండా ఈ మాట అర్థం తేల్చలేం. అందుకని తనిఖీ కుటుంబాలవారీగా చేద్దాం" అన్నారు.

"ఏ కుటుంబంతో మొదలుపెడదామండీ?" అని అడిగాను. గొంతు మామూలుగానే వచ్చిందనుకుంటాను.

"ఎక్కడో ఒకచోట మొదలుపెట్టాలిగా. ముందు మనసుకి సంబంధించినవి చూద్దాం. అందులోనూ భయం."

ఇంటికొచ్చి, కడిగిన గిన్నెనే మళ్ళీ కడిగాను. మా ఆయన చూసి, "దాన్ని ఇందాకే తోమావు. ఇంకాసేపు తోమితే చిల్లు పడుతుంది" అన్నారు. ఆయన స్కూల్లో లెక్కల మాస్టారు. ఎవరు ఏది రెండుసార్లు చేసినా పట్టేస్తారు.

ఫిబ్రవరి 5

ఏమీ కాదు. నాలుగువందల కార్డుల్లో మూడు. ఎవరు చూడొచ్చారు?

ఫిబ్రవరి 7

పని సంగతి రాసుకుంటే మనసు కాస్త కుదురుకుంటుందేమో.

మా కార్యాలయంలో రెండు గదులు. ఒకటి మాటల గది, రెండోది వ్యాకరణం గది. మధ్యలో నడవా ఉంది. వ్యాకరణం గదిలో మా వ్యాకరణం మాస్టారు ఒక్కరే కూర్చుంటారు. "నియమానికి లొంగేదంతా నాది, లొంగనిదంతా మీది" అని ఆయన ఏనాడో గీత గీసేశారు. వినడానికి బాగానే ఉంటుంది. మరి ఆకలి వేస్తుంది, నిద్ర వస్తుంది, చెమట పడుతుంది. కోపం వస్తుంది, సిగ్గు మాత్రం వేస్తుంది. ఎందుకలాగో చెప్పే నియమం లేదు కాబట్టి అది మాస్టారి గదిలోకి వెళ్ళదు. పోనీ మా గదిలో ఉంచుకుందామంటే, ఆకలి దగ్గర ఈ 'వేయడా'నికి అర్థం ఏమని రాస్తాం? ఈ పంచాయతీ ఎంతకీ తెగక చివరికి అలాంటివన్నీ తెచ్చి నా నెత్తిన పెట్టారు. ఏ మాట ఏ మాటని తోడు తెచ్చుకుంటుందో పట్టిక రాయడం నా పని. తోడుమాటల పట్టిక అంటాం. మాస్టారు నన్ను పెళ్ళిళ్ళ పేరమ్మ అని ఏడిపిస్తారు.

ఇవాళ భయం పట్టిక తీశాను. భయం వేస్తుంది. దడ పుడుతుంది. దిగులు పడతాం. బెంగ పెట్టుకుంటాం. ధైర్యం మాత్రం ఎవరికీ వేయదు, చేయాలి. లేకపోతే పక్కవాళ్ళు చెప్పాలి. ఇది నేను పాతికేళ్ళ కిందట రాసిన పట్టికే, అయినా ఇవాళ ఆ చివరి వరస దగ్గర చాలాసేపు ఆగిపోయాను.

సాయంత్రం కార్డుల గది పెద్దాయన నా బల్ల దగ్గరికి వచ్చారు. బీరువాలన్నీ ఇరవయ్యారేళ్ళుగా ఆయన చేతిలోనే ఉన్నాయి. ఇంకో మూడు నెలల్లో రిటైరవుతారు. ఇన్నేళ్ళలో ఒక్క కార్డు పోలేదని ఆయనకి గొప్ప. అది నిజం కూడా. కొత్త పద్ధతి ప్రకారం కార్డుల్ని అన్ని బీరువాల నుంచీ ఏరి గుంపులు కట్టింది ఆయనే.

"చెల్లెమ్మా, నీ భయాలన్నీ ఒకే సొరుగులో పెట్టేశాను. నాలుగువందల పన్నెండు. రెండుసార్లు లెక్కపెట్టాను" అన్నారు.

"'వ' బీరువాలోవి కూడా తెచ్చేశారా అన్నయ్యగారూ?"

"తేకుండా ఎలా? వణుకు, వెరపు, వెనుదడ, అన్నీ వచ్చేశాయి."

నేను తల ఊపి కళ్ళజోడు తుడుచుకున్నాను.

ఫిబ్రవరి 10

ఇవాళ భూతద్దంగారు నడవాలో ఆపారు. "మీ పట్టికలో వెనుదడ అనే మాట చూశానమ్మా. మిగతా భయాలన్నీ నలుగురితో తిరుగుతున్నాయి. దీనికి 'పట్టు' తప్ప తోడు లేదు. ఇదేంటి ఇలా ఒంటరిగా ఉంది?"

"అరుదైన మాటండీ."

"ఊఁ. గురువారం దాని కార్డులు చూద్దాం."

ఇంక రాయకుండా ఉండలేను. ఈ పుస్తకం ఎవరూ చదవరు, మా ఆయనకి నా రాత ఎలాగూ అర్థం కాదు.

మా చెల్లి ఆసుపత్రిలో నర్సుగా చేసేది. ఒకరోజు డ్యూటీ దిగి వచ్చి, చెప్పులు కూడా విప్పకుండా మొదలుపెట్టింది. "అక్కా, ఇవాళ ఒకాయన భార్యకి ఆపరేషన్. ఆరు గంటలు కదలకుండా మెదలకుండా నిలబడ్డాడు. డాక్టరుగారు బయటికొచ్చి, గండం గడిచింది అనగానే గోడ పట్టుకుని కూలబడ్డాడు. చేతులు ఒకటే వణకడం. ఏం లేదండీ, వెనుదడ పట్టింది, పది నిమిషాల్లో అదే పోతుంది అని మంచినీళ్ళిచ్చాను."

"వెనుదడ ఏంటే? అలాంటి మాట లేదు" అన్నాను. అప్పటికే నాకు ఈ ఉద్యోగం వచ్చిన పొగరు ఉంది.

"ఎందుకు లేదు? ఇప్పుడే అన్నానుగా" అంది.

తరవాత ఎప్పుడూ వాడేది. బస్సు కింద పడబోయి తప్పించుకుని ఇంటికొచ్చాక వెనుదడ. పరీక్ష ఫలితాలు వచ్చి, పాసయ్యాక వెనుదడ. దానికి సరిపోయే మాట భాషలో ఇంకోటి లేదు, వెతికి చూశాను.

చెల్లి ముప్ఫై ఒకటో ఏట పోయింది. పందొమ్మిదేళ్ళయింది. ఆ నెలలోనే 'వ' విభాగం అచ్చుకి వెళుతోంది.

మా దగ్గర నియమం ఒకటుంది. ఒక మాట నిఘంటువులోకి రావాలంటే దానికి మూడు కార్డులు ఉండాలి. ముగ్గురు వేరువేరు మనుషులు, ఒకరితో ఒకరికి సంబంధం లేనివాళ్ళు, వాడి ఉండాలి. కార్యాలయంలో పనిచేసేవాళ్ళ ఇంటి మనుషుల మాట సాక్ష్యానికి పనికిరాదు. మంచి నియమమే. లేకపోతే అందరూ వాళ్ళ పిల్లల ముద్దుమాటలు తెచ్చి పడేస్తారు.

నేను మూడు కార్డులు రాశాను. ఒకటి పత్రికకి వచ్చిన ఉత్తరంలోదని రాశాను. రెండోది ఒక గృహిణి ఉత్తరం. మూడోది నోటిమాట, చెప్పినవారు లారీ డ్రైవరు, వయసు నలభై. పత్రికలో ఆ ఉత్తరం లేదు. గృహిణి లేదు. డ్రైవరూ లేడు. మూడింటికీ మూడు పెన్నులు వాడాను, ఒకటి ఎడంచేత్తో రాశాను. నిజంగా ఆ మాట అన్న మనిషి మాత్రం ఏ కార్డులోనూ లేదు.

రాశాక కూడా ఏం తగ్గలేదు.

ఫిబ్రవరి 11

మూడు కార్డులూ సంచిలో పెట్టి ఇంటికి తెచ్చేశాను. దొంగతనం కాదు. ఇంట్లో నెమ్మదిగా చూసుకుని, ఏం చేయాలో ఆలోచించుకుని, తిరిగి అక్కడే పెట్టేస్తాను. ప్రస్తుతానికి కుట్టుమిషను సొరుగులో, దారపుండల కింద జాగ్రత్త చేశాను. పెద్దాయన మధ్యాహ్నం భోజనానికి వెళ్ళినప్పుడు తీశాను. ఆయన తాళం వేసుకోరు. మనల్ని మనం నమ్ముకోకపోతే ఎలా అంటారు.

ఫిబ్రవరి 12

రేపు పెట్టేస్తాను.

ఫిబ్రవరి 13

భూతద్దంగారికి జలుబు చేసి రాలేదు. రేపు తప్పకుండా పెట్టేస్తాను.

ఫిబ్రవరి 14

పెట్టడానికి వెళ్ళాను. సంచి భుజానే ఉంది. పెద్దాయన ఆ సొరుగే ముందేసుకుని కూర్చున్నారు. కార్డులు పది పది కట్టలు కట్టి బల్లంతా పరిచారు.

"చెల్లెమ్మా, నువ్వు లెక్కపెట్టు. నాకు నాలుగువందల తొమ్మిదే వస్తున్నాయి" అన్నారు.

లెక్కపెట్టాను. నాలుగువందల తొమ్మిదే వచ్చాయి. రాకేం చేస్తాయి.

"ఏ మాటవి అన్నయ్యగారూ?"

"వెనుదడ. మూడూ లేవు. నా చేత్తో ఇక్కడ పెట్టాను, పెట్టినట్టు గుర్తుంది. గుర్తుందనుకుంటున్నానో ఏంటో." ఆయన తన కుడిచేతిని అటూ ఇటూ తిప్పి చూసుకున్నారు.

అప్పుడే సంచిలోంచి తీసి ఇచ్చేసి ఉంటే సరిపోయేది. "పొరపాటున నా కాగితాల్లో కలిశాయి" అంటే నమ్మేవారు కూడా. ఆ మాట నోటిదాకా వచ్చింది. కానీ ఇచ్చేస్తే అవి సోమవారం భూతద్దం కిందికి వెళతాయి. "వెతుకుదాం, ఎక్కడికి పోతాయి" అన్నాను. నేను కూడా ఆయనతో కలిసి వంగి బల్ల కింద వెతికాను. ఇది రాయడానికి నాకు ముఖం చెల్లడం లేదు.

ఫిబ్రవరి 18

నిన్న భూతద్దంగారు అడిగితే కార్డులు లేవని అందరికీ తెలిసిపోయింది. పెద్దాయన ఇంటికి ఆలస్యంగా వెళుతున్నారు. పొద్దున అందరికంటే ముందు వస్తున్నారు. 'క' బీరువా అయిపోయింది, 'గ' బీరువా అయిపోయింది. ప్రతి కార్డూ తిప్పి చూస్తున్నారు, ఎక్కడో కలిసిపోయాయేమోనని. మొత్తం రెండు లక్షల పైచిలుకు కార్డులు. ఇవాళ నడవాలో మాస్టారితో అంటుంటే విన్నాను. "వయసు మీద పడింది మాస్టారూ. మా నాన్నగారికీ ఇలాగే మొదలైంది. ముందు చేత్తో పెట్టింది మర్చిపోయేవారు, తరవాత మనుషుల్ని."

మాస్టారు ఊరుకోబెట్టబోయారు. నేను నా గదిలోకి వచ్చి తలుపు వేసుకున్నాను. ఆయన మతిమరుపు అనుకుంటున్నారు. తన బుర్ర మీద తనకే అనుమానం వచ్చేసింది. నేను చేసిన పనికి ఆయన భయపడుతున్నారు.

రేపు ఇచ్చేస్తాను. ఏదో ఒకటి చెప్పి ఇచ్చేస్తాను.

ఫిబ్రవరి 19

ఇవ్వలేదు.

ఫిబ్రవరి 21

కార్డులు దొరికాయట.

పెద్దాయన ఉదయమే వచ్చి భూతద్దంగారి బల్ల మీద పెట్టారట. మూడూ. నేను వెళ్ళేసరికి కార్యాలయంలో అందరూ తేలికపడి టీ తాగుతున్నారు. "ఎక్కడ దొరికాయి అన్నయ్యగారూ?" అని అడిగాను. నా ముఖంలోకి చూడకుండా, "ఎక్కడో ఉన్నాయిలే చెల్లెమ్మా" అన్నారు.

సెలవు పెట్టి ఇంటికి పరుగెత్తుకొచ్చాను. కుట్టుమిషను సొరుగు లాగాను. దారపుండల కింద మూడు కార్డులూ ఉన్నాయి. ఇక్కడా మూడు ఉన్నాయి, అక్కడా మూడు ఉన్నాయి. మంచం మీద కూర్చుని ఒకటి, రెండు, మూడు అని పైకి లెక్కపెట్టుకున్నాను. కాసేపు నాకే మతి చలించిందేమో అనిపించింది. మా ఆయన బడి నుంచి వచ్చేసరికి నేనింకా ఆ సొరుగు ముందే ఉన్నాను. "ఈ మధ్య మిషను కుట్టడం లేదు, సొరుగు తెరవడం, మూయడం చేస్తున్నావు. ఏంటి కథ?" అన్నారు. దారం రంగు చూస్తున్నానని చెప్పాను.

ఫిబ్రవరి 22

ఇంట్లో కూర్చుని ఆలోచిస్తే తేలింది. అచ్చయిన పుస్తకంలో ప్రతి మాట కిందా ఉదాహరణ వాక్యాలూ, అవి ఎవరివో వివరాలూ చిన్న అక్షరాల్లో ఉంటాయి. ఆయన పుస్తకం ముందు పెట్టుకుని, ఖాళీ కార్డుల మీద వాటిని తిరిగి రాసేశారు. పోయిన కార్డులకి నకలు అనుకుని ఉంటారు. ఒక్క కార్డు పోగొట్టని మనిషి అనిపించుకుని రిటైరవ్వాలని. ఇరవయ్యారేళ్ళలో ఒక్క అబద్ధపు అక్షరం రాయని మనిషి, నేను కల్పించిన లారీ డ్రైవరుని గుండ్రటి అక్షరాలతో మళ్ళీ రాసి పెట్టారు.

భూతద్దంగారికి తెలియకపోతే బాగుండు. తెలియకపోతే అందరం బయటపడతాం. నేను ఇలా కోరుకుంటున్నాను.

ఫిబ్రవరి 24

తెలిసింది. కార్డు వెనక వేసే ముద్ర పట్టించింది. పాతకాలం కార్డులకి గుండ్రటి ముద్ర ఉంటుంది. పన్నెండేళ్ళ కిందట అది అరిగిపోయి నలుచదరపు ముద్ర వచ్చింది. పందొమ్మిదేళ్ళనాటి కార్డుల మీద నలుచదరపు ముద్ర ఉంది. ఆయనకి అది తట్టకపోవడం ఏంటి? అన్నేళ్ళుగా ఆ ముద్ర వేసేది ఆయనే. అంత కంగారులో ఉన్నారన్నమాట.

పెద్దాయన దాచలేదు. "నేనే రాశానండీ. అసలువి పోయాయి" అని ఒప్పేసుకున్నారు.

భూతద్దంగారు గట్టిగా ఏమీ అనలేదు. దానికే భయమేసింది. "ఒక కార్డు పోవడం పొరపాటు. దొంగ కార్డు పెట్టడం పొరపాటు కాదు కదండీ. ఇవి ఇలా ఉంటే, మిగతా రెండు లక్షల్లో ఎన్ని మీరు రాసినవో నాకెలా తెలుస్తుంది?" అన్నారు. శుక్రవారం ఉదయం పదింటికి సమావేశం. అప్పటిలోగా రాతపూర్వకంగా సంజాయిషీ ఇవ్వాలి. ఉద్యోగంలోంచి తీసేస్తారని మాస్టారు గుసగుసగా చెప్పారు.

దొంగ కార్డు. ఆ మాట అన్నప్పుడు ఆయన చూసింది పెద్దాయన వైపు.

ఫిబ్రవరి 25

ఒక ఉపాయం తట్టింది. అసలు కార్డుల్ని తీసుకెళ్ళి సొరుగు వెనక సందులో జారవిడిస్తాను. రేపో మాపో ఎవరికో ఒకరికి దొరుకుతాయి. అసలువి దొరికాయి కాబట్టి ఆయన రాసినవి ఉత్త నకళ్ళేనని తేలుతుంది, మందలించి వదిలేస్తారు. నా ఊసు రాదు. ఇందులో ఎవరికీ నష్టం లేదు.

ఏడున్నరకే వెళ్ళాను. కార్డుల గది తలుపు తీసే ఉంది. బీరువాల సొరుగులన్నీ బయటికి లాగి నేల మీద వరసగా పేర్చి ఉన్నాయి. ఖాళీ బీరువాలు గోడకి దూరంగా జరిపి ఉన్నాయి. పెద్దాయన చీపురు పట్టుకుని వాటి వెనక నిలబడి ఉన్నారు. జుట్టంతా దుమ్ము.

"వెనకంతా ఊడ్చి చూశాను చెల్లెమ్మా. సందుసందులో చెయ్యి పెట్టి చూశాను. లేవు. ఇంక వెతకడానికి చోటు లేదు" అన్నారు.

నా చెయ్యి సంచిలోనే ఉంది. కార్డుల అంచులు వేళ్ళకి తగులుతున్నాయి.

"సంజాయిషీ రాశారా?"

"ఏం రాయను? పోగొట్టానని రాయనా, పోగొట్టి దొంగవి పెట్టానని రాయనా? ఇంట్లో ఇంకా చెప్పలేదు. మీ వదిన రిటైర్మెంటు రోజుకని కొత్త చొక్కా కుట్టిస్తోంది." కాసేపు చీపురు వైపు చూసి, "ఆ మాట నాకు ఇష్టమైనదే. ఎన్నోసార్లు అనుకునేవాణ్ణి, మంచి మాట అని" అన్నారు.

నేను ఆయనకి కుర్చీ జరిపి, మంచినీళ్ళు తెచ్చి ఇచ్చాను. అంతకంటే ఏమీ చేయలేదు.

ఫిబ్రవరి 26

మా ఆయనకి చెప్పేశాను. కూర తరుగుతూ చెప్పాను, ముఖం చూడక్కర్లేదని. మొదటి నుంచి చివరిదాకా, చెల్లి దగ్గర నుంచి చీపురు దాకా. ఆయన పరీక్ష పేపర్లు దిద్దడం ఆపేసి విన్నారు.

"ఇన్నేళ్ళూ ఆ మాట పుస్తకంలో చూసి నేను మురిసిపోయేవాణ్ణి, మరదలి మాట పుస్తకాలకెక్కిందని. నువ్వు ఎక్కించావని తెలియదు" అన్నారు.

"తప్పేనంటారా?"

"అది నన్నడగకు, నీకు తెలుసు. నేనడిగేది ఒకటే. ఆ పెద్దమనిషి ఈ పది రోజులూ ఇంట్లో ఎలా భోంచేస్తున్నాడంటావు?"

"చెప్తే నా పేరు పోతుందండీ. పాతికేళ్ళ పని మీద అనుమానం వస్తుంది. ప్రతి కార్డూ..."

"వస్తుంది" అన్నారు. రాదని అనలేదు. కనీసం ఓదార్పుకైనా అంటారేమోనని చూశాను.

అబద్ధం ఆడతాం, నిజం చెప్తాం అని పట్టికలో ఎప్పుడో రాశాను. నిజం ఆడటం కుదరదు. ఇంత సులువైన సంగతికి ఇన్నాళ్ళు తిరుగుతున్నాను.

ఫిబ్రవరి 27

భయం వేస్తోంది. రేపు పదింటికి.

ఫిబ్రవరి 28

చెప్పేశాను.

భూతద్దంగారు, మాస్టారు, పెద్దాయన, నేను. పెద్దాయన ఇస్త్రీ చొక్కా వేసుకుని, సంజాయిషీ కాగితం నాలుగు మడతలు పెట్టి పట్టుకున్నారు. భూతద్దంగారు దాని కోసం చెయ్యి చాపారు. నేను ముందు నా కార్డులు ఆ చేతిలో పెట్టాను. ముందుగా అనుకున్న మాటలేవీ రాలేదు. "ఇవి పోలేదండీ. నేను తీశాను. ఆయన రాసినవాటికి అసలువి ఇవే. ఇవీ అసలువి కాదు, ఇవి కూడా నేనే రాశాను" అన్నాను. ఏది అసలో, ఏది నకలో ఎవరికీ అర్థం కాక మళ్ళీ మొదటి నుంచి చెప్పాల్సి వచ్చింది.

భూతద్దంగారు ఒక్కో కార్డూ అద్దం కింద పెట్టి చూశారు. "ఈ లారీ డ్రైవరు ఎవరమ్మా?"

"ఎవరూ కాదండీ."

"ఈ గృహిణి?"

"ఎవరూ కాదు."

"మరి మాట?"

"మాట మా చెల్లెలిది. అది పోయింది. మాటైనా ఉండాలనుకున్నాను."

మాస్టారు కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టారు. భూతద్దంగారు మూడు కార్డుల్నీ వరసగా బల్ల మీద పెట్టారు. తరవాత, "ఇలాంటివి ఇంకెన్ని ఉన్నాయి?" అని అడిగారు.

"ఇంకేం లేవండీ."

"నేనెలా నమ్మను?"

"నమ్మమని నేనెలా అడగనండీ" అన్నాను.

నా పొట్టి సంతకం ఉన్న ప్రతి కార్డునీ బీరువాల్లోంచి తీసి తనిఖీ చేస్తారు. పదకొండు వేల పైన ఉంటాయి. అది తేలేదాకా నాకు సంపాదకత్వం లేదు. అచ్చు చిత్తుప్రతులు దిద్దాలి. రెండో కూర్పు మొదటి పేజీలో నా పేరు ఉండదు. నకళ్ళు రాసినందుకు పెద్దాయనకి మందలింపు రాసి, సంజాయిషీ వెనక్కి ఇచ్చేశారు.

ఆయన మాత్రం ఇదేదీ విన్నట్టు లేదు. నా మూడు కార్డుల్నీ తన వైపు జరుపుకుని వేలితో ఒక్కొక్కటీ తాకారు. "అంటే నేను పోగొట్టలేదు" అన్నారు. ఎవరితోనో తెలియదు. "నా బుర్ర బాగానే ఉంది. ఇక్కడే పెట్టాను." కళ్ళ వెంట నీళ్ళు కారిపోతుంటే తుడుచుకోలేదు. తరవాత లేచి, నన్ను దాటుకుని కార్డుల గదిలోకి వెళ్ళిపోయారు. నావైపు చూడలేదు.

మార్చి 5

పెద్దాయన నా కార్డులు బయటికి తీస్తున్నారు. రోజుకి మూడువందలు. మిగిలిన రెండు నెలలూ ఆయనకి దీంతోనే సరిపోతుంది. ఇవాళ ఒక కట్ట నా బల్ల మీద పెట్టి, "మేడమ్, ఇక్కడ సంతకం చేయండి, తీసుకున్నట్టు" అన్నారు. చేశాను. థాంక్స్ అన్నాను. ఆయన రిజిస్టరు మూసుకుని వెళ్ళిపోయారు.

మధ్యాహ్నం వ్యాకరణం మాస్టారు నా దగ్గర కూర్చుని టీ తాగి వెళ్ళారు. పెళ్ళిళ్ళ పేరమ్మ అనలేదు. అంటే బాగుండేది.

మార్చి 10

ఇవాళ వెనుదడని తీసేశాం.

తీసేసిన మాటని మా దగ్గర ఊరికే పారేయరు. దానికో చీటీ రాసి వేరే పెట్టెలో పెడతారు, రేపు ఎవరైనా అడిగితే చూపించడానికి. తీసేయమన్నది ఎవరో, ఎందుకో అందులో రాయాలి. చీటీ నన్నే రాయమని భూతద్దంగారు పంపించారు. కార్డుల గదిలో పెద్దాయనకి ఎదురుగా కూర్చుని రాశాను. కారణం అన్నచోట 'ఆధారం లేదు' అని రాయబోయాను. మామూలుగా అందరూ రాసేది అదే.

"అది రాయకండి" అన్నారు పెద్దాయన.

"మరి?"

"ఆధారం లేదంటే ఎవరూ అనలేదని. ఒకరు అన్నారు కదా మేడమ్. ఒక్కరే అన్నారని రాయండి. అది నిజం."

"ఇంటివాళ్ళ సాక్ష్యం పనికిరాదు కదండీ."

"ఆ నియమం చేర్చే మాటలకి. తీసేసే మాటలకి లేదు." సొరుగులోంచి ఖాళీ కార్డు ఒకటి తీసి నా ముందు పెట్టారు. "చీటీకి ఈ కార్డు గుచ్చి పెడదాం. వివరాలు ఉన్నవి ఉన్నట్టు రాయండి. వృత్తి?"

"నర్సు."

"వయసు?"

"ముప్ఫై ఒకటి."

"అది అప్పటిదా, ఇప్పటిదా?"

"అంతేనండీ. ఇంక పెరగలేదు."

ఆయన కార్డులో తరవాతి గడి మీద వేలు పెట్టి, "విన్నవారు?" అన్నారు.

"నేను."

"ఇంకెవరూ వినలేదా?"

"విన్నారు. మా ఆయన విన్నారు. ఆసుపత్రిలో మంచినీళ్ళు తాగినాయన విన్నాడు, ఆయనెవరో తెలియదు. నేనొక్కదాన్ని చాలనా?"

"తీసెయ్యడానికి ఒక్కరు చాలు."

అన్ని గళ్ళూ నింపాను. పైన ఒక గడి మిగిలింది. 'చెప్పినవారి పేరు' అని అచ్చువేసి ఉంటుంది అక్కడ. ఇన్నేళ్ళలో చెల్లి పేరు నా చేత్తో ఎక్కడా రాయలేదని అప్పుడు తెలిసింది. దొంగ కార్డుల్లో రాయకూడదు, నియమం ప్రకారం అసలు కార్డుల్లోనూ రాయకూడదు, ఈ పుస్తకంలో రాయడానికి మనసొప్పలేదు. మొదటి అక్షరం రాశాను. రెండో అక్షరం దగ్గర ఆగి, మళ్ళీ కలం కదిపాను. ముద్ర చేతిలో పట్టుకుని పెద్దాయన ఎదురుగా కూర్చున్నారు, తొందరపెట్టలేదు.